సెట్ గీయడం నేర్చుకుందాం – 4వ పాఠం: ముందు వెలుతురు, తర్వాతే సామాను

పోయిన పాఠంలో గది కొలతలు తీసి ప్లాను గీశాం. మీలో చాలామంది అప్పుడే కుర్చీలు, కర్టెన్లు సర్దడం మొదలుపెట్టి ఉంటారు. కాస్త ఆగండి. ఆ గదిలోకి వెలుతురు ఎటునుంచి వస్తుందో తేలకుండా సామాను జోలికి పోవద్దు. ఇది నాకు సినిమా సెట్ల డిజైనర్ కెన్ ఆడమ్ గీసిన బొమ్మలు చూశాకే అర్థమైంది.

ఆడమ్ 1921లో బెర్లిన్‌లో ఒక యూదు కుటుంబంలో పుట్టారు. హిట్లర్ గద్దెనెక్కాక 1934లో ఆ కుటుంబం ఇంగ్లండు వెళ్లిపోయింది. లండన్‌లో ఆర్కిటెక్చర్ చదివారు, యుద్ధంలో బ్రిటిష్ వాయుసేన విమానాలు నడిపారు, ఆ తర్వాత సినిమాల్లో డ్రాఫ్ట్స్‌మన్‌గా, అంటే ప్లాన్లు గీసేవాడిగా చేరారు. రెండు ఆస్కార్లు, 2003లో ‘సర్’ బిరుదు. మనకు కావలసింది మాత్రం ఆయన చేతిలోని పెన్ను. మొదట్లో పెన్సిలుతో నీటుగా గీసేవారు. తర్వాత ఫ్లోమాస్టర్ అనే లావుపాటి ఫెల్ట్ పెన్ను పట్టుకున్నారు, చెయ్యి విప్పుకుంది. లావు మొనతో చిన్నచిన్న నగిషీలు కుదరవు. ఎక్కడ చీకటి, ఎక్కడ వెలుగు అన్నది తేల్చక తప్పదు.

జేమ్స్ బాండ్ సినిమా ‘డాక్టర్ నో’ (1962) చూడండి. సెట్లన్నిటికీ కలిపి ఆయనకు మొదట ఇచ్చింది 14,000 పౌండ్లు. యూనిట్ జమైకాలో ఉండగా ఆయన పైన్‌వుడ్ స్టూడియోలో సెట్లు వేయించారు. అందులో ఒక గది ఉంది. తప్పుచేసిన మనిషి వచ్చి, కంటికి కనపడని యజమాని గొంతుకు సంజాయిషీ చెప్పుకోవాలి. గదిలో ఉన్నదల్లా ఒక తలుపు, ఒక కుర్చీ, బల్లమీద సాలీడు ఉన్న బోను. పైన వాలుగా దిగిన సీలింగు, దానికి పెద్ద గుండ్రటి కంత, కంతకు చువ్వలు. ఆ చువ్వల నీడ గదంతా పరుచుకుంటుంది. కుర్చీలో కూర్చున్నవాడు సాలెగూట్లో చిక్కిన ఈగలా ఉంటాడు. ఆ కంత తీసేసి ఊహించుకోండి, మిగిలేది ఖాళీ గోడౌను. నా దృష్టిలో ఆయన వేసిన కోట్ల ఖరీదు సెట్లకంటే ఈ గదే గొప్పది.

‘డాక్టర్ స్ట్రేంజ్‌లవ్’ (1964) కోసం షెపర్టన్ స్టూడియోలో వేసిన వార్ రూమ్‌లోనూ (యుద్ధం గురించి పెద్దలు సమావేశమయ్యే గది) ఇదే పద్ధతి. గుండ్రటి పెద్ద బల్ల, దాని మీద చక్రంలా వేలాడే దీపాలు. బల్ల చుట్టూ కూర్చున్నవాళ్ల ముఖాలకు వెలుగు ఆ చక్రం నుంచే. అందుకే దర్శకుడు కూబ్రిక్, ఆడమ్ కలిసి ఒక మనిషిని కూర్చోబెట్టి, దీపం ఎంత ఎత్తులో, ఏ కోణంలో ఉంటే సరిపోతుందో మారుస్తూ పరీక్షించారు. సినిమా నలుపు తెలుపే అయినా బల్లకు ఆకుపచ్చ గుడ్డ పరిపించారు కూబ్రిక్. నటులకు పేకాట బల్ల దగ్గర కూర్చున్నట్టు ఉండాలని.

ఇక మీ పని. సీను ఇదీ: అప్పు వాయిదా అడగడానికి వచ్చినవాడు, ఎదురుగా అప్పిచ్చినాయన. పెన్సిలు పక్కన పెట్టి లావు మార్కర్ తీసుకోండి. అరచేయంత చట్రాలు మూడు గీసుకోండి. మొదటిదాంట్లో వెలుతురు పైనుంచి, రెండోదాంట్లో పక్క కిటికీ నుంచి, మూడోదాంట్లో అప్పిచ్చినాయన వీపు వెనకనుంచి. గీతలు వద్దు, చీకటిని మాత్రమే నింపండి. ఒక్కోదానికి ఐదు నిమిషాలు చాలు. అయ్యాక కళ్లు సగం మూసి చూడండి. భయపడుతున్నది ఎవరో తెలియకపోతే ఇంకా నలుపు పెట్టాలి.

మూడింట్లో ఒకటి ఎంచి దాచుకోండి. 5వ పాఠంలో దాన్ని స్కేలుకు దించి అట్టతో మోడల్ చేద్దాం.