దావా ముగిశాక – 3వ పాఠం: డిక్రీలో అంకె తారుమారైతే

పోయిన పాఠంలో కాపీ అప్లికేషన్ వేసి జడ్జిమెంటు, డిక్రీ (తీర్పులో తేలిన ఫలితాన్ని అమలు కోసం విడిగా రాసే కాగితం) సర్టిఫైడ్ కాపీలు తెచ్చుకున్నాం. గెలిచామన్న సంతోషంలో చాలామంది వాటిని అలాగే బీరువాలో పెట్టేస్తారు. మీరు మాత్రం ప్లెయింటు (దావా వేసినప్పుడు ఇచ్చిన అర్జీ) కాపీని పక్కన పెట్టుకుని, షెడ్యూలు (ఆస్తి వివరాల పట్టిక) మీద వేలు ఆనించి ఒక్కో అంకే చదవండి.

నేను ప్రాక్టీసు మొదలుపెట్టిన కొత్తలో చూసిన కేసు ఇది. ప్లెయింటులో సర్వే నంబరు 142/2. జడ్జిమెంటులోనూ అదే. డిక్రీలో మాత్రం 124/2 అని టైపయింది. గెలిచిన పెద్దాయన నాలుగేళ్లు గమనించలేదు. ఈ.పి. (డిక్రీని అమలు చేయమని కోరే పిటిషన్) వేశాక, స్వాధీనం ఇప్పించడానికి కోర్టు అమీను పొలం గట్టు మీదికి వచ్చిన రోజున బయటపడింది, కాగితంలో ఉన్నది వేరేవాళ్ల చేను అని. "ఇంతకీ గెలిచింది నేనేనా బాబూ?" అన్నాడాయన. అమీను ఏం చేస్తాడు? డిక్రీని దాటి వెళ్లే అధికారం ఎగ్జిక్యూషన్ కోర్టుకే లేదు.

దీనికి మందు సివిల్ ప్రొసీజర్ కోడ్ 152వ సెక్షన్. రాతలో, లెక్కలో దొర్లిన తప్పుల్ని, పొరపాటున జారిపోయిన మాటల్ని కోర్టు ఎప్పుడైనా సరిచేయొచ్చు. గడువు లేదు. తనంతట తానే చేయొచ్చు, మీరు అడిగితేనూ చేయొచ్చు. డిక్రీ ఇచ్చిన కోర్టులోనే పాత ఓ.ఎస్. (అసలు దావా) నంబరు మీద ఐ.ఏ. (దావాలో వేసే అనుబంధ పిటిషన్) వేయాలి. అఫిడవిట్ మూడు పేరాలు చాలు: దావా దేని గురించి, తప్పు ఎక్కడుంది, అది తప్పని ఏ కాగితం చెబుతోంది. తప్పులేని ప్లెయింటు, జడ్జిమెంటు కాపీలు జతచేయండి.

ప్రార్థన పేరా దగ్గరే అందరూ తడబడతారు. "డిక్రీని తగువిధంగా సవరించండి" అని రాస్తే ఏం సవరించాలో ఎవరికి తెలుస్తుంది? ఇలా రాయండి:

"డిక్రీ షెడ్యూలులో 'సర్వే నం. 124/2' అని ఉన్నచోట 'సర్వే నం. 142/2' అని సవరించవలసిందిగా ప్రార్థన."

ఓడిపోయినవాడే కదా అని ప్రతివాదికి నోటీసు ఎగ్గొట్టకండి. తర్వాత అదే పట్టుకుని కూర్చుంటాడు.

మధ్యలో అప్పీలు నడిచి, పై కోర్టు విచారించి తీర్పు ఇచ్చి ఉంటే కింది డిక్రీ అందులో కలిసిపోయినట్టే, కాబట్టి పిటిషన్ అక్కడే వేయాలి. అప్పీలును 41వ ఆర్డరు 11వ రూలు కింద మొదట్లోనే కొట్టేసి ఉంటే మాత్రం 153-ఏ సెక్షన్ ప్రకారం కింది కోర్టే సరిచేయొచ్చు.

ఒక హెచ్చరిక. 152 తప్పు దిద్దుకోవడానికే గానీ, తీర్పు నచ్చక మార్పించుకోవడానికి కాదు. తీర్పులో ఇవ్వని వడ్డీని ఈ సెక్షన్ కింద కలపడానికి వీల్లేదని స్టేట్ ఆఫ్ పంజాబ్ వర్సెస్ దర్శన్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అలాంటి బాధ ఉంటే రివ్యూకి (తీర్పును అదే కోర్టు మళ్లీ చూడటానికి) 30 రోజులు, అప్పీలుకి జిల్లా కోర్టయితే 30, హైకోర్టయితే 90 రోజులు. 152 కింద పిటిషన్ వేశాం కదా అని ఈ గడువులు ఆగవు.

తప్పు మన ప్లెయింటులోనే ఉండి, జడ్జిగారు దాన్నే ఎత్తి రాస్తే? అది పెద్ద తలనొప్పి. వచ్చే పాఠమంతా దానికే.

ఈలోగా ఇంటిపని. వీటిలో 152 కిందికి వచ్చేవి ఏవి?

అసలు 2,40,000, వడ్డీ 36,000, మొత్తం 2,67,000 అని డిక్రీలో ఉంది. జడ్జిమెంటు మూడో వంతు ఇస్తే డిక్రీలో నాలుగో వంతు అని పడింది. సాక్షి మాటను జడ్జిగారు నమ్మలేదు.