సూపర్‌హీరో కౌమారాన్ని ధారావాహికగా రాయడం ఎలా

ఆకాశంలో ఎగిరే వీరుడి కౌమారాన్ని రాయదలచినవారు ముందుగా అతడిని ఎగరనివ్వకూడదు. 2001 అక్టోబరులో అమెరికా టెలివిజన్‌లో మొదలైన 'స్మాల్‌విల్' ధారావాహికకు సృష్టికర్తలు ఆల్‌ఫ్రెడ్ గఫ్, మైల్స్ మిల్లార్ పెట్టుకున్న నియమం అదే: ముందుముందు సూపర్‌మ్యాన్ కాబోయే కుర్రవాడు క్లార్క్ కెంట్ ఆ వీరుడి దుస్తులు వేసుకోడు, ఎగరడు. ఆ రెండూ పక్కన పెట్టాక రచయిత చేతిలో ఇల్లు, బడి, స్నేహం, ప్రేమ మాత్రమే మిగులుతాయి. ఆ కొద్ది సరుకుతోనే కథ పది సీజన్ల పాటు, 2011 మే దాకా నడిచింది.

తరువాత ఒక్కొక్క శక్తినీ, ఒక్కొక్క బలహీనతనూ ఆ వయసుకు సహజమైన ఇబ్బందితో ముడిపెట్టాలి. తొలి ఎపిసోడ్‌లో క్లార్క్ తనకు నచ్చిన అమ్మాయి లానాతో మాట్లాడాలని దగ్గరికి వెళ్తాడు. ఆమె మెడలోని ఆకుపచ్చ రాయి ఉల్కముక్క కావడంతో అతడికి ఒంట్లో సత్తువ పోతుంది, అడుగు తడబడుతుంది, చేతిలోని పుస్తకాలు కిందపడతాయి. చుట్టూ ఉన్నవారికి అది నచ్చిన అమ్మాయి ఎదుట కుర్రవాడు పడే తత్తరపాటులాగే కనిపిస్తుంది. అతడి శరీరానికి మాత్రం అది విషం. ఒకే కదలికకు ఇలా రెండు కారణాలు అతికే దృశ్యం కుదిరేదాకా కొట్టివేసి మళ్లీ రాయవలసిందే. రెండో సీజన్‌లో అతడి కళ్ల నుంచి తొలిసారి మంట వెలువడేది కూడా యుద్ధంలో కాదు, తరగతి గదిలో, కొత్తగా వచ్చిన ఉపాధ్యాయురాలి మీద ఆకర్షణ కలిగినప్పుడు.

తల్లిదండ్రులను కథలోంచి తప్పించడం తేలిక, కానీ తప్పించకూడదు. కొడుకు బలం వల్ల ఎవరైనా గాయపడతారేమోనన్న భయంతో తండ్రి జొనాథన్ అతడిని ఫుట్‌బాల్ ఆడనివ్వడు. తోటివారందరూ ఆడుతుంటే కుర్రవాడు మౌనంగా చూస్తూ ఉండాలి. ఇందులో తండ్రిదీ న్యాయమే, కొడుకుదీ న్యాయమే కనుక ఆ గొడవ ఎంతకాలమైనా నిలుస్తుంది.

ప్రతినాయకుడిని స్నేహితుడిగానే ప్రవేశపెట్టాలి. కాబోయే ప్రతినాయకుడు లెక్స్ కారు వంతెన మీద క్లార్క్‌ను ఢీకొని ఇద్దరూ నదిలో పడినప్పుడు, క్లార్క్ కారు పైకప్పును చీల్చి అతడిని కాపాడతాడు, కానీ జరిగినది దాచిపెడతాడు. ప్రాణం నిలిపిన స్నేహంలో మొదటి రోజే అబద్ధం చేరుతుంది. వీరిద్దరూ ముందుముందు శత్రువులవుతారని ప్రేక్షకులకు తెలుసు. అయినా ఈసారి అలా జరగకపోతే బాగుండునని వారు కోరుకునేంత ఆప్యాయతతో ఆ స్నేహాన్ని రాయాలి.

మొదటి సీజన్‌లో ఉల్కరాళ్ల వల్ల శక్తులు వచ్చిన కొత్త దుష్టుడు దాదాపు ప్రతి వారం ఎదురవుతాడు, ఆ పద్ధతి త్వరగానే విసుగు పుట్టిస్తుంది. అందుకే ఎపిసోడ్ రాసిన తరువాత అందులోంచి శక్తులన్నీ తీసివేసి ఒకసారి చదవాలి. ఇద్దరు మనుషుల మధ్య తేలని విషయమేదీ అప్పుడు మిగలకపోతే, ఆ ఎపిసోడ్‌ను మళ్లీ మొదటి నుంచి రాయాలి.