చలికాలపు చురుక్కు: పెట్రోలు దగ్గర మాత్రం జాగ్రత్త

చలి ముదిరాక కారు తలుపు ముట్టుకోగానే వేలికి చురుక్కుమంటుంది. స్వెట్టర్ విప్పితే చిటపటలాడుతుంది. చిన్నప్పుడు దువ్వెనకు కాగితపు ముక్కలు అంటించిన స్థిర విద్యుత్తే ఇది. గాలిలో తేమ ఉంటే ఒంటి మీద పేరుకున్నది ఎప్పటికప్పుడు పోతుంది, అందుకే ఉక్కపోసే విశాఖలో దీని సంగతి అంతగా తెలియదు. ఆదిలాబాద్ పొడి చలిలో, హీటర్లు నడిచే అమెరికా ఇళ్లలో అది ఒంటి మీదే నిలుస్తుంది.

చురుక్కు తెలిసిందంటే అప్పటికే సుమారు 3,000 వోల్టులు ఉన్నట్టు. క్షణంలో అయిపోతుంది కాబట్టి మనకేం కాదు. ఆ చురుక్కు ఒక చిన్న నిప్పురవ్వ, పెట్రోలు ఆవిరికి ఆ రవ్వే చాలు. ఆ ఆవిరి అంటుకోవడానికి మిల్లీజూల్‌లో (శక్తికి చాలా చిన్న కొలత) నాలుగో వంతు సరిపోతుంది, మన వేలి రవ్వలో అంతకు రెట్టింపు ఉండొచ్చు. చలికి ఆవిరి రాదనుకోకండి, మైనస్ 40 డిగ్రీల దగ్గర కూడా పెట్రోలు అంటుకునేంత ఆవిరి వదులుతుంది.

అమెరికాలో మనవాళ్లు పెట్రోలు తామే పట్టుకుంటారు. నాజిల్ పెట్టి, చలికి తాళలేక కారులో కూర్చుంటారు. దిగేటప్పుడు సీటుకు బట్టలు రాసుకుంటాయి, ఆ చెయ్యి నేరుగా నాజిల్ మీదికి వెళ్తుంది. దయచేసి మధ్యలో కూర్చోకండి. కూర్చోక తప్పకపోతే, ట్యాంకు మూతికి దూరంగా కారు ఇనుప భాగాన్ని ఒట్టి చేత్తో ముట్టుకున్నాకే నాజిల్ పట్టుకోండి. మంట లేస్తే నాజిల్ బయటికి లాగొద్దు, లాగితే పెట్రోలు చిమ్మి మంట పాకుతుంది. అలాగే వదిలేసి దూరం జరిగి, బంకువాళ్లను కేకేయండి.

నాకు ఇంకా ఎక్కువ భయం మన పల్లెల గురించి. మందు కొట్టే పవర్ స్ప్రేయర్ల కోసం బండి మీదే క్యాను పెట్టి పెట్రోలు పట్టించుకుంటారు. పెట్రోలు పారుతుంటేనే ఛార్జి పుడుతుంది, ప్లాస్టిక్ దాన్ని నేలలోకి పోనివ్వదు. రేకు డబ్బా అయినా ప్లాస్టిక్ పట్టా మీద పెడితే అదే ముప్పు, ఒకరకంగా ఎక్కువే. నీళ్ల సీసాలు అసలు వద్దు. పెట్రోలు కోసమే చేసిన క్యాను తీసుకెళ్లి, బండి మీంచి దించి నేల మీద పెట్టండి. నాజిల్ క్యాను మూతికి ఆనించి, మెల్లగా పోయమనండి. నిండా పట్టించకండి. ఇంటికొచ్చాక వేడిగా ఉన్న ఇంజన్‌లో మాత్రం పోయకండి, దానికి రవ్వ కూడా అక్కర్లేదు.