కనీస వేతనాల తీర్పులు చదవడం, 4వ పాఠం: పరిహారం జోలికి హైకోర్టు ఎప్పుడు వెళ్తుంది?

పోయిన పాఠం అభ్యాసంలో చాలామంది పరిహారాన్నీ జరిమానానూ ఒకే ఖాతాలో కలిపేశారు. ఈసారి స్టే గురించి చెప్పాల్సింది, కానీ ముందు ఇది తేలాలి.

ముందు 2025 నవంబర్ వరకు అమల్లో ఉన్న 1948 కనీస వేతనాల చట్టం సంగతి. దాని 20వ సెక్షన్ కింద అధీకృత అధికారి ఇప్పించేది పరిహారం. తక్కువిచ్చిన తేడాతో పాటు, ఆ తేడాకు పది రెట్లు మించకుండా ఇప్పించొచ్చు. అది కూలీ చేతికొస్తుంది. 22వ సెక్షన్ కింద క్రిమినల్ కోర్టు వేసేది శిక్ష. ఆరు నెలల వరకు జైలు, 500 రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ. జరిమానా సర్కారుకు పోతుంది.

పరకాల దగ్గర ఒక జిన్నింగు మిల్లు ఉందనుకోండి. అంకెలు లెక్క కోసమే. రోజుకు 520 ఇవ్వాల్సిన చోట 400 ఇచ్చారు. 150 రోజులకు తేడా 18,000. అధికారి ఐదు రెట్ల పరిహారం వేస్తే 90,000. తేడా విడిగా కూడాలి, మొత్తం 1,08,000. 500 జరిమానాకు జంకని యజమాని దీనికి మాత్రం హైదరాబాద్‌లో వకీలును పెట్టుకుంటాడు.

ఆ చట్టం 20(6) ప్రకారం అధికారి ఉత్తర్వే ఆఖరు, అప్పీలు లేదు. అందుకే రాజ్యాంగం 226, 227 అధికరణల కింద రిట్, అంటే నేరుగా హైకోర్టుకు పిటిషన్, వేస్తారు. ఇక్కడే నాకు బాగా చిరాకు తెప్పించే పొరపాటు ఉంది. రిట్‌ను అప్పీలులా చదువుతున్నారు. "హైకోర్టు సాక్ష్యాలన్నీ మళ్లీ చూసి ఎవరిది నిజమో తేలుస్తుంది" అని రాస్తున్నారు. మామూలుగా తేల్చదు. అధికారికి ఆ అధికారం ఉందా, ఇరువైపులా విన్నారా, ఉత్తర్వుకు రికార్డులో ఆధారం ఉందా, ఇవే చూస్తుంది.

మన మిల్లు ముస్టరులో, అంటే హాజరు రిజిస్టరులో, నెల మొత్తం హాజరు ఒకే పెన్నుతో, ఒకే చేతిరాతతో పడిందనుకోండి. వేలిముద్రల మీద తేదీలు లేవు. అధికారి ఆ సంగతి రాసి, నమ్మనన్నారు. హైకోర్టులో యజమాని "రిజిస్టరు అసలైనదే" అంటే జడ్జి కొత్తగా విచారణ పెట్టరు. నమ్మకపోవడానికి కారణం ఉంది, అది చాలు. అదే ముస్టరు దాఖలు చేసినా ఉత్తర్వులో దాని ఊసే లేకపోతే కోర్టు కలగజేసుకుంటుంది. నోటీసు ఎప్పుడో మూసేసిన షెడ్డు అడ్రసుకు పోయి, ఎక్స్‌పార్టీగా, అంటే యజమాని లేకుండానే, ఉత్తర్వు వచ్చినా అంతే.

ఇంకో రకం ఉంది, దీన్ని జాగ్రత్తగా చూడండి. వాదనలు జరిగాయి, తేడా లెక్క శుభ్రంగా ఉంది, కానీ పరిహారం దగ్గర "ఐదు రెట్లు" అని ఒక్క ముక్క. ఐదే ఎందుకు? ఎన్నాళ్లుగా తక్కువిచ్చాడు, ముందే హెచ్చరించారా, రిజిస్టర్లు దాచాడా, ఏమీ లేదు. పది రెట్లు అన్నది గరిష్ఠం మాత్రమే. ఎంత వేయాలన్నది విచక్షణ కాబట్టి కారణం కనిపించాలి. లేకపోతే 18,000 అలాగే నిలిచి, పరిహారం ఒక్కటే తగ్గొచ్చు, లేదా మళ్లీ తేల్చమని కేసు వెనక్కి రావచ్చు. "హైకోర్టు కొట్టేసింది" అన్న వార్త చూసి కూలీ ఓడిపోయాడని రాసినవాళ్లు ఈ పేరా మరోసారి చదవండి. నేనైతే ఏ తీర్పయినా చివరి పేరాతోనే మొదలుపెడతాను. ఏది నిలిచిందో, ఏది పోయిందో అక్కడ తెలిశాకే కారణాలు వెతుకుతాను.

"మిల్లు నష్టాల్లో ఉంది" అన్న వాదన కనిపిస్తే అక్కడ ఆగొద్దు. కనీస వేతనానికి యజమాని స్తోమతతో పని లేదని ఉనిచోయి కేసులో 1961లోనే సుప్రీంకోర్టు చెప్పింది.

2025 నవంబర్ 21 నుంచి 1948 చట్టం స్థానంలో వేతనాల కోడ్ అమల్లోకి వచ్చింది. పది రెట్ల గరిష్ఠం అలాగే ఉంది. క్లెయిముకు గడువు ఆరు నెలల నుంచి మూడేళ్లయింది. ఉత్తర్వు మీద 90 రోజుల్లో అప్పీలుకు దారి పెట్టారు. అది వదిలేసి నేరుగా రిట్‌కు వస్తే "అప్పీలుకు ఎందుకు పోలేదు?" అన్న ప్రశ్న ముందుంటుంది. కాబట్టి ఉత్తర్వు ఏ చట్టం కిందిదో మొదట చూడండి.

అభ్యాసం: తెలంగాణ హైకోర్టు వెబ్‌సైటులో 20వ సెక్షన్ మీద వచ్చిన తీర్పు ఒకటి వెతికి, తేడా, పరిహారం గతి విడివిడిగా రాయండి. తర్వాత పై జిన్నింగు మిల్లుకు మీరే అధికారి అనుకుని, రిట్‌లో నిలబడేలా ఐదు రెట్లకు కారణాలు ఒక పేజీలో రాయండి. ముస్టరు సంగతి అందులో తప్పకుండా ఉండాలి.