చెక్కపై కాల్చి బొమ్మలు వేస్తారా? ముందు పరికరం సంగతి చూసుకోండి

మొన్న హనుమకొండలో మాకు తెలిసిన డిగ్రీ కుర్రాడు పాత ఇనుప సామాన్ల దుకాణం నుంచి చెడిపోయిన మైక్రోవేవ్ ఓవెన్ తెచ్చి విప్పుతుంటే వాళ్లమ్మ చూసి ఆపేసింది. వంటసోడా నీళ్లు పూసిన చెక్కలోకి కరెంటు పంపి, మెరుపు తీగల్లాంటి గీతలు తెప్పించాలని వాడి కోరిక. వీడియోలో అదెంతో సులువుగా కనిపిస్తుంది. ఆమె చూడకపోయి ఉంటే ఏమయ్యేదో తలచుకుంటేనే భయమేస్తోంది.

మైక్రోవేవ్ ఓవెన్‌లో ఉండే ట్రాన్స్‌ఫార్మర్ జోలికి వెళ్లకండి. ఇంటి కరెంటు 230 వోల్టులు. ఆ ట్రాన్స్‌ఫార్మర్ దాన్ని 2,000 వోల్టుల దాకా పెంచుతుంది. ఇంట్లో ఆర్‌సీసీబీ (షాక్ కొడితే కరెంటు ఆపేసే స్విచ్చు) ఉందిలే అన్న ధీమా పనికిరాదు. ట్రాన్స్‌ఫార్మర్‌లో రెండు చుట్లు వేర్వేరు కాబట్టి, అవతలి చుట్టు నుంచి మీ ఒంట్లోకి పారే కరెంటును ఆర్‌సీసీబీ పసిగట్టలేదు. ప్లగ్గు తీసినా ఓవెన్‌లోని కెపాసిటర్‌లో కరెంటు మిగిలే ఉంటుంది. అమెరికాలో చెక్కను లేత్‌పై తిప్పి వస్తువులు చేసేవారి సంఘం 2017లోనే ఈ పద్ధతిని తమ వేదికలపై నిషేధించింది. చేయి తిరిగిన పనివాళ్లే వద్దన్నది కొత్తవాళ్లకెందుకు?

కొత్తవారికి మొన వేడెక్కి చెక్కను కాల్చే కరెంటు పెన్ను, 30 వాట్ల లోపుది చాలు. వేడి తగ్గించి పెంచే మీట ఉన్నది దొరికితే ఇంకా మంచిది, ఎందుకంటే నిర్మల్ బొమ్మలు చేసే పొనికి లాంటి మెత్తని చెక్క ఎక్కువ వేడికి ఇట్టే మాడిపోతుంది. రేడియో రిపేరుకు వాడిన సోల్డరింగ్ ఐరన్ వద్దు. దాని మొనకు సీసం అంటి ఉంటుంది.

రంగు, వార్నిష్ ఉన్న పాత తలుపు చెక్కలు కాల్చకండి. ప్లైవుడ్, ఎండీఎఫ్ (చెక్క పొడిని జిగురుతో అదిమి చేసిన పలక) అసలే వద్దు: వాటి జిగురు కాలితే వచ్చే పొగ విషం. కిటికీ పక్కన కూర్చోండి. ఫ్యాను పొగను బయటికి నెట్టాలి, మొన మీదికి వీచకూడదు. మొన పూర్తిగా చల్లారాకే మార్చండి. వేడి మీద తిప్పితే ఇత్తడి మర అరిగిపోతుంది. పెన్నును ఇనుప స్టాండు మీదే పెట్టండి. నైలాన్ చొక్కా వేసుకోకండి. పిల్లల్ని ఒంటరిగా వదలకండి. లేచి వెళ్లేటప్పుడు ప్లగ్గు తీయండి. వైరు చిట్లితే టేపు చుట్టకండి, మార్పించండి.

మళ్లీ చెబుతున్నాను, మైక్రోవేవ్ ట్రాన్స్‌ఫార్మర్ వద్దు. రబ్బరు తొడుగులు వేసుకున్నా వద్దు. పక్కన స్నేహితుడున్నా వద్దు. ఒక్కసారే అన్నా వద్దు. ఎవరికైనా షాక్ కొడితే మనిషిని ముట్టుకోకండి. ముందు మెయిన్ ఆపండి, ఆ తర్వాత 108కి ఫోను చేయండి.