అనంతపురం ఎండల్లో డాలియా పెంపకం

దుంప నుంచి పెరిగే పూలమొక్క డాలియా పుట్టిల్లు మెక్సికోలోని ఎత్తయిన కొండ ప్రాంతాలు. పగటి ఎండను కొంతవరకు ఓర్చుకున్నా, రాత్రులు చల్లగా లేకపోతే ఆ మొక్కకు మంచి పువ్వు రాదు. అందువల్ల చలిదేశాలవారు వసంతంలో నాటే ఈ దుంపను అనంతపురంలో సెప్టెంబరు ఆఖరు నుంచి అక్టోబరు లోపల నాటుకోవాలి. అప్పుడు మొక్క ఎదిగే వేళకు చలి మొదలై, డిసెంబరు నుంచి ఫిబ్రవరి దాకా పూస్తుంది.

దుంప ఎంత లావుగా ఉన్నా, పాత కాండాన్ని అంటిపెట్టుకున్న మెడ దగ్గర కన్ను, అంటే మొలక వచ్చే చిన్న బుడిపె, లేకపోతే మొలవదు. మెడ విరిగినదాన్ని కొనవద్దు. ఎర్రమట్టి, బాగా చివికిన పశువుల ఎరువు, ఇసుక సమంగా కలిపి, గుప్పెడు వేపపిండి వేసి, 12 అంగుళాల కుండీలో నాలుగు అంగుళాల లోతున కన్ను పైకి ఉండేలా దుంపను పడుకోబెట్టాలి. కర్నూలు వైపు నల్లరేగడి నీటిని పట్టి ఉంచుతుంది కనుక అక్కడివారికి కుండీయే మేలు. ఊతకర్రను నాటేనాడే గుచ్చాలి, తరువాత గుచ్చితే దుంప చీలుతుంది. మొలక పైకి కనిపించేదాకా మట్టి కాస్త తడిగా ఉంటే చాలు; ఆత్రంతో నీళ్లు పోస్తే దుంప కుళ్లిపోతుంది.

నాలుగు జతల ఆకులు వచ్చాక చివురు తుంచితే పక్క కొమ్మలు వస్తాయి. పెద్ద పువ్వు కావాలంటే కొమ్మ చివర మధ్య మొగ్గను ఉంచి పక్క రెండూ తీసివేయాలి. మన జిల్లాలో సులువుగా దొరికే వేరుశనగ చెక్కను నానబెట్టి, పలచగా చేసి, మొగ్గ తొడిగేదాకా పదిహేను రోజులకోసారి పోయవచ్చు. ఆ తరువాత కూడా పోస్తే అందులోని నత్రజని ఎక్కువై ఆకులే పెరుగుతాయి. ఎండ ముదిరేకొద్దీ ఆకుల అడుగున రసం పీల్చే సన్నని పురుగు, ఎర్రనల్లి, చేరుతుంది. ఉదయం అక్కడ నీళ్లు చిమ్మి, సాయంత్రం వేపనూనె పిచికారీ చేయాలి.

అయితే ఇక్కడ అసలు పని పూత అయ్యాకనే మొదలవుతుంది. ఆకులు పండుబారగానే నీళ్లు తగ్గించి, కాండాన్ని జానెడు ఉంచి కోసి, దుంపలను మెడ విరగకుండా తవ్వి, నీడలో ఆరబెట్టి, పొడి ఇసుక నింపిన మట్టికుండలో ఇంట్లో అన్నిటికన్నా చల్లని గది నేలమీద ఉంచాలి. మేలో ఎండ 40 డిగ్రీలు దాటుతుంది కనుక నెలకోసారి తీసి చూడటం తప్పదు: ముడతలు పడితే ఇసుకపై కొద్దిగా నీళ్లు చిలకరించాలి, మెత్తబడిన దుంపను వెంటనే పారవేయాలి. ఆగస్టులో వాటిని తడి ఇసుకలో నిలబెడితే మొలకలు వస్తాయి. మూడు అంగుళాలు ఎదిగిన మొలకలను కోసి, అదే ఇసుకలో నీడన గుచ్చితే, ఒక్క దుంప నుంచే నాలుగైదు కొత్త మొక్కలు తయారవుతాయి.