కార్మిక చట్టం నేర్చుకుందాం – 3: యూనియన్ ఎన్నిక చెల్లదని ఎక్కడ చెప్పాలి?

పోయిన పాఠంలో యూనియన్ నియమావళి చదవడం చూశాం. ఆ పుస్తకం పక్కన పెట్టుకుని ఇది చదవండి.

యూనియన్ ఎన్నికలు రెండు రకాలు. సింగరేణిలో 2023 డిసెంబరు 27న జరిగినది గుర్తింపు ఎన్నిక. యాజమాన్యంతో ఏ యూనియన్ మాట్లాడాలో కార్మికులంతా ఓటేసి తేల్చేది అది. ఒక యూనియన్ సభ్యులు తమ అధ్యక్షుణ్ణి, ప్రధాన కార్యదర్శిని ఎన్నుకునేది లోపలి ఎన్నిక. మన పాఠం ఈ రెండోదాని గురించే.

గొడవ రాగానే మనవాళ్లు లేబర్ ఆఫీసుకు పరుగెడతారు. 1926 నాటి ట్రేడ్ యూనియన్ల చట్టం నడిచిన రోజుల్లోనే అక్కడ పెద్దగా ఒరిగేది లేదు. రెండు వర్గాలు రెండు లిస్టులు పట్టుకొస్తే, ఎవరు గెలిచారో విచారించి తీర్పు చెప్పే అధికారం రిజిస్ట్రారుకు (యూనియన్లను నమోదు చేసే అధికారికి) ఉండేది కాదు. అందుకే ఒడిశాలోని రాయగడ, కోరాపుట్ వైపు సివిల్ కోర్టే గతి అయ్యేది. మహారాష్ట్ర మాత్రం ఆ చట్టంలో 28-1ఏ అనే సొంత సెక్షన్ చేర్చుకుంది. ఆరు నెలలకు తక్కువ కాకుండా సభ్యత్వం ఉన్నవారు రిజిస్ట్రారు అనుమతితో ఇండస్ట్రియల్ కోర్టుకు వెళ్లే వీలు దాంతో వచ్చింది. బల్లార్‌పూర్‌లో పాత నాయకులెవరైనా ఆ సెక్షన్ చెబితే, అది పాత చట్టం నాటి దారి అని గుర్తుంచుకోండి.

ఆ పాత చట్టం స్థానంలో 2025 నవంబరు 21 నుంచి అమల్లో ఉన్నది పారిశ్రామిక సంబంధాల కోడ్, 2020. దాని సెక్షన్ 22 ప్రకారం ఆఫీసు బేరర్ల ఎన్నిక మీద సభ్యుడికీ యూనియన్‌కీ వచ్చిన తగాదాను ట్రిబ్యునల్ (కార్మిక తగాదాలు విచారించే ప్రత్యేక న్యాయస్థానం) తేలుస్తుంది. దానిమీద సివిల్ కోర్టులో దావా కుదరదు.

ఏ ట్రిబ్యునల్ అన్న దగ్గరే సరిహద్దు జిల్లాలవాళ్లకు మెలిక పడుతుంది. యూనియన్ రిజిస్టర్డ్ ఆఫీసు ఎక్కడుందో ఆ ప్రాంతపు ట్రిబ్యునల్‌కే వెళ్లాలి. మీ మిల్లు రాయగడలో ఉండి, యూనియన్ రిజిస్టర్డ్ ఆఫీసు విశాఖపట్నంలో ఉంటే కేసు ఆంధ్రా వైపే వేయాలి. లెటర్‌హెడ్ నమ్మకండి, దానిమీద బ్రాంచి అడ్రసు ఉండొచ్చు. రిజిస్ట్రేషన్ సర్టిఫికెట్ నకలు తెప్పించుకోండి.

ఇక దరఖాస్తు. "ఘోరమైన అన్యాయం జరిగింది" అని రెండు పేజీలు రాస్తే మీ మనసు తేలికపడుతుందేమో గానీ కేసు బలపడదు. ఏ నియమం తప్పారు, ఎలా తప్పారు, దానివల్ల ఫలితం ఎలా మారింది అన్న మూడూ ఒక వరసలో చెప్పాలి. ఉదాహరణకు ప్రధాన కార్యదర్శి 9 ఓట్లతో గెలిచారనుకుందాం. చందా బాకీ ఉన్నవాళ్లకు ఓటు లేదని నియమావళి చెబుతోంది. బాకీ ఉన్న 23 మంది ఓటేశారు. అప్పుడు ఇలా రాయాలి: "నియమావళిలోని ఫలానా నియమం ప్రకారం ఓటు హక్కు లేని 23 మందిని ఓటేయనిచ్చారు. గెలుపు తేడా 9 ఓట్లే కాబట్టి ఈ తప్పు ఫలితాన్ని మార్చగలిగినంత పెద్దది." తేడా 200 ఓట్లయితే ఇదే ఫిర్యాదు నిలవడం కష్టం. అప్పుడు నామినేషన్ తిరస్కరణో, జనరల్ బాడీ నోటీసు ఇవ్వకపోవడమో ఇంకేదైనా చూసుకోవాలి.

ఓటరు లిస్టు, చందా రసీదులు, మినిట్స్ బుక్కు పేజీలు, నోటీసు బోర్డు ఫొటో జతచేయండి. నోటీసు ఒడియాలోనో మరాఠీలోనో ఉంటే అనువాదం కూడా పెట్టండి, ముఖ్యంగా కేసు పక్క రాష్ట్రంలో వేస్తుంటే.

"రిటైరైనాయన ఎలా నిలబడతాడు?" అన్న అభ్యంతరం తరచూ వస్తుంది. సంఘటిత రంగ యూనియన్‌లో బయటివాళ్లు, అంటే ఆ పరిశ్రమలో పనిచేయనివాళ్లు, కార్యవర్గంలో మూడో వంతు లేదా 5 మంది, ఏది తక్కువైతే అంతకు మించకూడదు. 12 మంది కార్యవర్గమైతే నలుగురు, 21 మందైతే ఐదుగురు. కానీ రిటైరైనవారిని, రిట్రెంచ్‌మెంట్‌లో (యాజమాన్యం సిబ్బందిని తగ్గించినప్పుడు) ఉద్యోగం పోయినవారిని చట్టం బయటివాళ్ల కింద లెక్కించదు. మీ నియమావళే వద్దంటే తప్ప ఈ వాదనతో సమయం వృథా.

చివర్లో ఏం కావాలో స్పష్టంగా అడగండి: ఎన్నిక రద్దు, పరిశీలకుడి ఎదుట మళ్లీ ఎన్నిక, తీర్పు వచ్చేదాకా కొత్త కార్యవర్గం బ్యాంకు ఖాతా ముట్టకుండా మధ్యంతర ఉత్తర్వు. నా దృష్టిలో అన్నిటికన్నా తొందరగా కావలసింది ఈ మూడోదే. సంతకాలు మారి డబ్బు పోయాక గెలిచినా వసూలు చేయడం చాలా కష్టం.

అభ్యాసం: మీ యూనియన్ రిజిస్టర్డ్ ఆఫీసు చిరునామా, ఓటు హక్కు చెప్పే నియమం నంబరు, పోయిన ఎన్నికలో గెలుపు తేడా ఒక కాగితం మీద రాయండి. వచ్చే పాఠంలో వాటితోనే దరఖాస్తు మొదటి పేజీ తయారుచేద్దాం.